కుక్కపిల్ల వెంట వచ్చిన కాల్షియం సీసా

మా ఇంటికి లాబ్రడార్ పిల్ల వచ్చిన రోజు దాని వెంట ఒక కాల్షియం సీసా కూడా వచ్చింది. "రెండు పూటలా ఐదేసి ఎమ్మెల్ పొయ్యండి సార్, కాళ్ళు గట్టిపడతాయి" అన్నాడు అమ్మినాయన. పప్పీ ఫుడ్ సంచి ఎలాగూ ఉంది. పక్కింటి పిన్నిగారు రోజూ ఒక గుడ్డు పెట్టమన్నారు. మా అమ్మ పొద్దుటి ఎండలో కాసేపు పడుకోబెట్టమంది. అందరిదీ ప్రేమే. మూడో నెల నిండేసరికి బుజ్జి ముద్దుగా, బొద్దుగా, చూసినవాళ్ళ దిష్టి తగిలేలా తయారైంది. ఐదో నెలలో కుడి ముందుకాలు నేలకు ఆనించడం మానేసింది.

ఎక్స్‌రే చూసిన డాక్టరుగారు అడిగిన మొదటి ప్రశ్న, "ఏం పోస్తున్నారు దీనికి?" అని. భుజం కీలులో మృదులాస్థి దెబ్బతింది. సిరప్ వల్లే ఇలా అయిందని ఎవరూ ప్రమాణం చేసి చెప్పలేరు, ఎందుకంటే ఇలాంటి జబ్బుల్లో వంశం, తిండి, పెరిగే వేగం అన్నీ ఒకదానిలో ఒకటి కలిసిపోయి ఉంటాయి. కానీ ఆ ప్రశ్న పట్టుకుని నేను చదువుకుంటూ పోయేకొద్దీ ఒక సంగతి స్పష్టమైంది. పసిపిల్లల పెంపకంలోంచి మనం తెచ్చుకున్న నమ్మకాలు, అంటే బలమైన తిండి, కాల్షియం, ఎండ, ఒళ్ళు చేయడం, ఇవన్నీ పెద్ద జాతి కుక్కపిల్ల దగ్గర తలకిందులవుతాయి. దాని కీళ్ళకు మనం చేయగల మేలు ఏదైనా ఉందంటే, దాన్ని తొందరపెట్టకుండా పెంచడం.

ఎముక చివర జరిగే పని

కోడికాలు తినేటప్పుడు ఎముక చివర తెల్లగా, నున్నగా, కొరికితే కరకరలాడే భాగం తగులుతుంది కదా, అదే మృదులాస్థి. పెరిగే కుక్కపిల్ల కాళ్ళలో అది రెండు చోట్ల ముఖ్యం. ఒకటి కీలు లోపల ఎముకల కొసలను కప్పే పొర. రెండోది ఎముక కొసకు కాస్త లోపలగా అడ్డంగా ఉండే పలక, డాక్టర్లు గ్రోత్ ప్లేట్ అంటారు. ఈ పలకలో కొత్త కణాలు పుడుతుంటాయి, వరుసలు కడతాయి, వాటి వెనకే సున్నం చేరి ఎముకగా మారుతూ వస్తుంది. కాలు పొడుగవడమంటే ఇదే. పెరగడం పూర్తయ్యాక పలక మొత్తం ఎముకైపోయి మూసుకుంటుంది. చిన్న జాతుల్లో ఏడాది లోపే, లాబ్రడార్, జర్మన్ షెపర్డ్ లాంటి వాటిలో ఏడాది అటూ ఇటూగా, గ్రేట్ డేన్ లాంటి భారీ జాతుల్లో ఏడాదిన్నర దాకా పడుతుంది. అప్పటిదాకా ఆ కాలులో అతి బలహీనమైన చోటు అదే.

ఇప్పుడు వేగం సంగతి. మనిషి బిడ్డ మూడు కిలోలతో పుట్టి, మొదటి పుట్టినరోజుకు సుమారు మూడింతల బరువు తూగుతుంది. లాబ్రడార్ పిల్ల అర కిలో కూడా లేకుండా పుట్టి, అదే ఏడాదిలో ముప్పై కిలోల దగ్గరికి వస్తుంది. అంటే అరవై రెట్లు. స్లాబు పోశాక అది ఆరేదాకా ఆగి తర్వాతే పైన గోడలు లేపుతారు. పెద్ద జాతి పిల్ల శరీరంలో కింది స్లాబు ఆరుతుండగానే పై అంతస్తు లేస్తుంటుంది. ప్రకృతి ఈ పనిని లెక్కగా నడుపుతుంది. మనం అదనంగా తిండి పెట్టినప్పుడు పై అంతస్తు పని మాత్రమే జోరందుకుంటుంది, కింది స్లాబు ఆరే సమయం తగ్గదు.

అలాంటప్పుడు కీలు పొరలో కొంత మృదులాస్థి ఎముకగా మారకుండా మందంగా మిగిలిపోతుంది. దానికి నేరుగా రక్తనాళాలు ఉండవు. పొర మందమైతే లోపలి కణాలకు పోషణ అందక చనిపోతాయి, పైపొర పగిలి పెచ్చులా లేస్తుంది. బుజ్జి భుజంలో జరిగింది ఇదే. భుజం, మోచేయి, మోకాలు, మడమ కీళ్ళలో ఇది ఎక్కువ. సాధారణంగా ఐదు నుంచి తొమ్మిది నెలల మధ్య బయటపడుతుంది.

తుంటి కథ కొంచెం వేరు. రుబ్బురోలు చూసినవాళ్ళకు ఇది చెప్పడం తేలిక. రోలు గుంటలో పొత్రం సరిగ్గా కూర్చుంటే ఎంత తిప్పినా రెండూ నున్నగానే అరుగుతాయి. పొత్రం వదులై అంచు మీదికి జారుతూ తిరిగితే అంచు విరుగుతుంది, పొత్రం చదునవుతుంది. తొడ ఎముక తల పొత్రం, తుంటి గుంట రోలు. హిప్ డిస్ప్లేసియా అనేది ఈ వదులుతో మొదలయ్యే జబ్బు. అమెరికా పశువైద్యుడు గెర్రీ ష్నెల్ 1935లో దీన్ని కుక్కల్లో మొదటిసారి వర్ణించాడు. దీని బారిన పడే పిల్లలు కూడా మామూలు తుంటితోనే పుడతాయి. వదులు తర్వాతి వారాల్లో వస్తుంది. అందుకే దీన్ని పూర్తిగా తలరాత అనుకోవడానికి లేదు. వంశంలో చాలా జన్యువులు కలిసి దీనికి బాట వేస్తాయి, ఆ బాటలో ఎంత దూరం పోతుందనేది మనం పెంచే తీరు మీద కూడా ఆధారపడుతుంది.

సీసాలో ఏముంది, గిన్నెలో ఏముంది

కాల్షియం ఎముకకు కావాలి, నిజమే. చిక్కు ఎక్కడంటే, ఎదిగిన కుక్క పేగు తనకు అవసరమైనంత కాల్షియమే తీసుకుని మిగతాది వదిలేస్తుంది, చిన్న పిల్ల పేగుకు ఆ నేర్పు ఇంకా రాదు. సుమారు ఆరు నెలల వయసు దాకా గిన్నెలో ఎంత ఉంటే దానికి తగ్గట్టు ఒంట్లోకి వచ్చేస్తూనే ఉంటుంది. వచ్చినదాన్ని శరీరం ఎముకలోకే తోస్తుంది. పెరిగే ఎముక ఒక పక్క కట్టుకుంటూ, ఇంకో పక్క పాతదాన్ని చెక్కుకుంటూ ఆకారం తెచ్చుకోవాలి. కాల్షియం ఎక్కువైతే ఆ చెక్కే పని నెమ్మదిస్తుంది. మృదులాస్థి ఎముకగా మారే క్రమం చెదురుతుంది. నెదర్లాండ్స్‌లోని ఉట్రెక్ట్ విశ్వవిద్యాలయంలో హేజ్‌వింకెల్ బృందం గ్రేట్ డేన్ పిల్లలకు మూడింతల కాల్షియం పెట్టి చూసింది. 1985లో వెలువడిన ఆ ఫలితాల్లో ఎముకల ఎదుగుదలలో లోపాలు స్పష్టంగా కనిపించాయి. కాళ్ళు గట్టిపడతాయని పోసే మందే కాళ్ళను పాడు చేయగలదు.

మరి సీసా పారేస్తే సరిపోతుందా? అదీ గిన్నెలో ఏముందో చూసే చెప్పాలి. చాలామంది తెలుసుకోవాల్సింది ఇక్కడే ఉంది.

సంచిలో వచ్చే మంచి పప్పీ ఫుడ్ పెడుతున్నట్టయితే కాల్షియం అందులో లెక్క కట్టి కలిపే ఉంటుంది. దాని మీద సిరప్ పోయడమంటే ఉప్పు సరిపోయిన పులుసులో ఇంకో గుప్పెడు వేయడమే. అమెరికాలో పశువుల దాణా ప్రమాణాలు నిర్ణయించే ఆఫ్‌కో, పెద్దయ్యాక సుమారు 32 కిలోలు దాటే జాతుల పిల్లల తిండిలో కాల్షియం 1.8 శాతం మించకూడదని హద్దు పెట్టింది. మిగతా పిల్లలకు ఆ హద్దు 2.5 శాతం. మన దగ్గర దొరికే సంచుల మీదా కాల్షియం శాతం చాలావాటికి అచ్చు వేసి ఉంటుంది. ధర చూసే ముందు ఆ అంకె చూడండి, "లార్జ్ బ్రీడ్ పప్పీ" అన్న మాట కోసం వెతకండి.

ఇంట్లో వండి పెట్టేవాళ్ళ కష్టం దీనికి సరిగ్గా ఎదురు దిక్కున ఉంటుంది. ఎముక లేని చికెన్, అన్నం, కాస్త క్యారెట్. చూడ్డానికి ఎంత ఆరోగ్యంగా ఉంటుందో! కానీ మాంసంలో కాల్షియం చాలా తక్కువ, ఫాస్ఫరస్ దానికి పదిహేను ఇరవై రెట్లు. నిజానికి కాల్షియం ఫాస్ఫరస్‌కు సమానం నుంచి రెండింతల మధ్య ఉండాలి. తిండిలో దొరకని కాల్షియాన్ని శరీరం రక్తం కోసం ఎముకల్లోంచి లాగేస్తుంది. ఎముకలు పలచబడి, కాళ్ళు వంగి, చిన్న దెబ్బకే విరిగిన పిల్లలు ఈ తిండి మీద పెరిగినవే. పెరుగన్నం పెడుతున్నాం కదా అనుకోవచ్చు. లెక్క వేసి చూడండి. పది కిలోల పిల్లకు రోజుకు రెండున్నర మూడు గ్రాముల కాల్షియం కావాలి. వంద గ్రాముల పెరుగులో ఉండేది దాదాపు 0.12 నుంచి 0.15 గ్రాములు. అంటే దానికి పెరుగుతోనే సరిపెట్టాలంటే రోజుకు రెండు కిలోలు తినిపించాలి. కాబట్టి ఇంటి వంట మీద పెరిగే పిల్లకు కాల్షియం బయటనుంచి కలపాల్సిందే. కానీ ఎంత, దేనితో అన్నది దాని బరువు, వంటలో వేసే పదార్థాల తూకం చూసి పశువైద్యుడు రాసిచ్చే లెక్క. అందరికీ ఒకే "ఐదేసి ఎమ్మెల్" కుదరదు.

ఎండ విషయంలో మా అమ్మను కాదనడానికి నాకు మనసు రాలేదు గాని, శాస్త్రం కాదంటోంది. మన చర్మం ఎండలో విటమిన్ డి తయారు చేస్తుంది. కుక్క చర్మంలో దానికి కావాల్సిన ముడిపదార్థం చాలినంత ఉండదని ఉట్రెక్ట్ పరిశోధకులే 1994లో చూపించారు. కుక్కకు విటమిన్ డి తిండి నుంచే రావాలి. ఎండలో పడుకోవడం దానికి సుఖం, అంతే. దీన్ని పట్టుకుని మనుషుల విటమిన్ డి చుక్కలు పోయడం మాత్రం ఘోరమైన పొరపాటు. మోతాదు మించితే రక్తంలో కాల్షియం పెరిగి మూత్రపిండాలు దెబ్బతింటాయి.

బొద్దుతనం ఖరీదు

కీళ్ళ గురించి ఎవరైనా నన్ను ఒక్క పరిశోధన చెప్పమంటే ఇది చెబుతాను. అమెరికాలో ప్యూరినా సంస్థ 48 లాబ్రడార్ పిల్లలను జతలుగా తీసుకుంది. ప్రతి జతలో ఇద్దరూ ఒకే ఈతలో పుట్టిన తోబుట్టువులు. ఎనిమిది వారాల వయసు నుంచి ఒకరు ఎంత తిండి తింటే దానిలో నాలుగో వంతు తగ్గించి రెండోవారికి పెట్టారు. తిండి అదే, పరిమాణమే తేడా. అలా వాటి జీవితకాలమంతా గమనించి 2002లో ఫలితాలు ప్రకటించారు. తక్కువ తిన్నవి సగటున 13 ఏళ్ళు, మిగతావి 11.2 ఏళ్ళు బతికాయి. తక్కువ తిన్నవాటిలో తుంటి ఆర్థ్రయిటిస్ తక్కువగా, ఆలస్యంగా వచ్చింది, మందులు వాడాల్సిన అవసరం కూడా ఏళ్ళ ఆలస్యంగా వచ్చింది. ఒకే అమ్మ కడుపున పుట్టిన పిల్లలు, దాదాపు ఒకే జన్యువులు. వాటి మధ్య గిన్నెలో పావు వంతు ఇంత దూరం తెచ్చింది.

దీనికి చాలా ముందే, 1974లో, హెడ్‌హామర్ అనే స్వీడిష్ పరిశోధకుడు అమెరికాలోని కార్నెల్‌లో గ్రేట్ డేన్ పిల్లల మీద ఇలాంటిదే చూశాడు. కావాల్సినంత తిననిచ్చిన పిల్లల ఎముకలు ఎక్కువ జబ్బుపడ్డాయి. కొన్నేళ్ళ పాటు దీనికి మాంసకృత్తుల మీద నింద పడింది. "పెద్ద జాతికి ప్రొటీన్ తగ్గించండి" అని ఇప్పటికీ చెప్పేవాళ్ళున్నారు. విడిగా ప్రొటీన్ ఒక్కటే మార్చి చూసినప్పుడు ఎముకలకు ఏ హానీ కనిపించలేదు. తప్పు మొత్తం కెలొరీలది, ఎక్కువైన కాల్షియానిది. గుడ్డు పెట్టమన్న పిన్నిగారిది తప్పేమీ లేదు, ఆ గుడ్డు మేరకు మిగతా తిండి తగ్గించకపోవడం మాది.

బరువు సరిగ్గా ఉందో లేదో తెలుసుకోవడానికి తూకం కన్నా చెయ్యి మంచిది. పిడికిలి బిగించి కణుపుల మీద వేలు రాయండి, అలా గరుకుగా పక్కటెముకలు తగిలితే పిల్ల మరీ బక్కది. అరచేతి కండ మీద రాసినట్టు ఎముకే తగలకపోతే లావు. చెయ్యి చాచి వెనక వైపు, వేళ్ళ మూలాల మీదుగా రాసినప్పుడు ఎలా తగులుతాయో అలా పక్కటెముకలు తగలాలి. పైనుంచి చూస్తే నడుము సన్నబడి కనిపించాలి. ఇలా ఉన్న పిల్లను చూసి చుట్టాలు "ఏంటి, తిండి పెట్టట్లేదా?" అని తప్పకుండా అంటారు. అననివ్వండి. మా ఇంట్లో అసలు దొంగ గిన్నె కాదు, నాన్నగారి టీ బిస్కెట్లు. వంటింటి తూకం మీద రోజు తిండి పొద్దున్నే తూచి ఒక డబ్బాలో పోసి, ఎవరు ఏం పెట్టాలన్నా అందులోంచే తీయాలని నియమం పెట్టాక గాని దారికి రాలేదు.

మెట్లు, టైల్స్, బంతి

"నెల వయసుకు ఐదు నిమిషాల చొప్పున నడిపించాలి, నాలుగు నెలల పిల్లకు ఇరవై నిమిషాలు" అనే సూత్రం మీరు వినే ఉంటారు. దానికి వెనక పరిశోధన ఏమీ లేదు. అతిగా నడిపించకుండా ఆపుతుంది కాబట్టి చెడ్డదీ కాదు. కానీ నిమిషాల కన్నా ఎలాంటి కదలిక అన్నది ముఖ్యమని నార్వేలో జరిగిన అధ్యయనం చెప్పింది. న్యూఫౌండ్‌లాండ్, లాబ్రడార్, లియోన్‌బెర్గర్, ఐరిష్ వుల్ఫ్‌హౌండ్ జాతుల 501 కుక్కలను పుట్టుక నుంచి గమనించి 2012లో ప్రచురించారు. మూడు నెలల లోపు రోజూ మెట్లు ఎక్కి దిగిన పిల్లల్లో హిప్ డిస్ప్లేసియా ఎక్కువగా వచ్చింది. అదే వయసులో గొలుసు లేకుండా మెత్తని, ఎగుడుదిగుడు నేల మీద తిరిగిన పిల్లల్లో తగ్గింది. అంటే కదలిక తగ్గించమని కాదు దాని సారం. పిల్ల తన ఇష్టం వచ్చినట్టు పరిగెత్తి, అలిసి, కూలబడి, మళ్ళీ లేచే ఆట తుంటి చుట్టూ కండ పెంచుతుంది. ఆ కండే పొత్రాన్ని గుంటలో పట్టి ఉంచుతుంది.

మన అపార్ట్‌మెంట్లలో ఈ రెండూ తారుమారయ్యాయి. ఆడుకోవడానికి మట్టి నేల లేదు, ఇంటినిండా అద్దంలా మెరిసే టైల్సో గ్రానైటో ఉన్నాయి. కాలింగ్ బెల్ మోగగానే పిల్ల దూసుకెళ్తుంది, మలుపు దగ్గర వెనక కాళ్ళు రెండూ చెరో పక్కకూ జారిపోతాయి. మనం నవ్వి వీడియో తీస్తాం. వదులైన కీలుకు ప్రతి జారుడూ ఒక లాగుడే. ఖరీదైనవేమీ అక్కర్లేదు. దాని తిరుగుబాటలో, నీళ్ళ గిన్నె దగ్గర, తలుపు ముందు జారని రబ్బరు అడుగున్న పట్టాలు పరిస్తే చాలు. పాదాల మధ్య వెంట్రుకలు, గోళ్ళు కత్తిరిస్తూ ఉండాలి, పొడుగు గోళ్ళు పట్టు చిక్కనివ్వవు. లిఫ్టు లేని ఇంట్లో మూడు నెలల దాకా ఎత్తుకుని దింపండి. ఎత్తేటప్పుడు ముందు కాళ్ళు పట్టి లేపకుండా ఒక చెయ్యి రొమ్ము కింద, ఇంకోటి పిరుదుల కింద పెట్టాలి.

బంతి విసిరే ఆట మీద స్వీడన్ పరిశోధకులు అనుమానం వ్యక్తం చేశారు. యజమాని విసిరిన బంతి, కర్ర వెంట పదేపదే పరిగెత్తిన లాబ్రడార్లలో తుంటి, మోచేయి జబ్బులు ఎక్కువగా కనిపించాయి. పిల్ల అలిసినా బంతి లేస్తే ఆగదు, సడన్ బ్రేకు, మెలి, గెంతు. ఏడాది దాకా బంతిని విసరకుండా దొర్లించి ఆడించండి. సోఫా మీంచి, కారులోంచి దూకనివ్వకండి. బండి పక్కన పరిగెత్తించడమైతే అసలు వద్దు. ఇంకో తప్పు దీనికి పూర్తిగా వ్యతిరేకం: కీళ్ళకు మంచిదని బాల్కనీలో పొద్దస్తమానం కట్టేయడం. కండ లేని కీలు ఇంకా త్వరగా అరుగుతుంది.

కొనేముందు, కోయించేముందు

పిల్లను ఎంచుకునే రోజునే సగం సంగతి తేలిపోతుంది. కెన్నెల్ క్లబ్ కాగితం వంశం చెబుతుంది, తుంటి సంగతి చెప్పదు. తల్లిదండ్రుల తుంటి, మోచేయి ఎక్స్‌రేలు అడగండి. అమెరికాలో 1966 నుంచీ ఓఎఫ్ఏ అనే సంస్థ రెండేళ్ళు నిండిన కుక్కల ఎక్స్‌రేలు చూసి తుంటికి గ్రేడు ఇస్తోంది. 1980లలో పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయంలో గెయిల్ స్మిత్ తయారు చేసిన పెన్‌హిప్ పద్ధతితో పదహారు వారాల పిల్లలోనే కీలు వదులు కొలవచ్చు. మన దగ్గర అడిగితే చాలామంది అమ్మకందారులు వింతగా చూస్తారు. అయినా పదిమంది అడిగితేనే పదకొండోవాడికి ఎక్స్‌రే తీయించాలని తోస్తుంది.

పిల్లలు పుట్టకుండా చేసే ఆపరేషన్ ఎప్పుడన్నది కూడా కీళ్ళ ప్రశ్నే. ఎముక పలక మూసుకోమని చెప్పే కబురు సెక్స్ హార్మోన్ల నుంచే వస్తుంది. వాటిని ముందే తీసేస్తే కాళ్ళు మామూలు కన్నా కొంచెం పొడుగు సాగుతాయి, కీలు కోణాలు మారతాయి. కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం డేవిస్ పరిశోధకులు 2014లో చెప్పినది: ఆరు నెలల లోపు ఆపరేషన్ చేస్తే కీళ్ళ జబ్బులు లాబ్రడార్లలో రెండింతలు, గోల్డెన్ రిట్రీవర్లలో నాలుగైదు రెట్లు పెరిగాయి. 2020లో 35 జాతులు చూసినప్పుడు చిన్న జాతుల్లో ఈ తేడా కనిపించలేదు. కాబట్టి పెద్ద జాతిని ఇంట్లో పెంచేవాళ్ళు ఏడాది దాటేదాకా ఆగే విషయం డాక్టరుతో మాట్లాడాలి. వీధి కుక్కల లెక్క వేరు, అక్కడ ఆలస్యమంటే ఇంకో ఈత పిల్లలు రోడ్డున పడడం.

కుంటినప్పుడు

కుందేలులా రెండు వెనక కాళ్ళూ కలిపి గెంతడం, లేవడానికి తటపటాయించడం, ఒక పక్కకు ఒరిగి కూర్చోవడం, నడిచేటప్పుడు తల ఎగరేయడం, ఆట మధ్యలో ముందే కూలబడడం. ఒక రోజు మించి ఇవి కనిపిస్తే "పెరిగే నొప్పులు, అవే పోతాయి" అని ఊరుకోకండి. అలా వచ్చి పోయే నొప్పి లేకపోలేదు, ముఖ్యంగా జర్మన్ షెపర్డ్‌లలో ఒక కాలి నుంచి ఇంకో కాలికి మారే కుంటు, పానోస్టైటిస్, తనంతట తగ్గుతుంది. కానీ అదేనని తేల్చాల్సింది ఎక్స్‌రే. పమేరియన్, పగ్ లాంటి చిట్టి జాతుల పిల్ల మూడు కాళ్ళ మీద రెండడుగులు గెంతి మళ్ళీ మామూలుగా నడిస్తే మోకాలి చిప్ప జారుతోందేమో చూపించాలి.

తొందర ఎందుకంటే, వదులు తుంటి బాగా చిన్నప్పుడే దొరికితే కటి ఎముకలో ఒక గ్రోత్ ప్లేట్‌ను ముందే మూసి, పెరిగే కొద్దీ గుంట తానే తొడ ఎముక తలను కప్పేలా చేసే చిన్న శస్త్రచికిత్స ఉంది. దానికి గడువు సుమారు ఇరవై వారాల వయసు. ఆ తర్వాత మిగిలేవి పెద్ద ఆపరేషన్లు. వదులు కనిపెట్టే చేతి పరీక్ష పేరు ఆర్టొలాని, పసిబిడ్డల తుంటి కోసం ఇటలీ పిల్లల డాక్టరు 1930లలో చెప్పినది. మూడు నాలుగు నెలల వ్యాక్సిన్‌కు వెళ్ళినప్పుడే "తుంటి కూడా చూడండి" అని అడగవచ్చు. ఊళ్ళో సౌకర్యం లేకపోతే రాజేంద్రనగర్, తిరుపతి, గన్నవరం పశువైద్య కళాశాలల ఆసుపత్రులు గుర్తుంచుకోండి. ఈలోపు నొప్పి చూడలేక ఇంట్లో ఉన్న పారాసెటమాల్, ఐబుప్రొఫెన్, డైక్లోఫెనాక్ బిళ్ళ మాత్రం వేయకండి. అవి కుక్క పేగును, కాలేయాన్ని, మూత్రపిండాలను దెబ్బతీస్తాయి, ప్రాణం మీదికి తెస్తాయి.

బయల్దేరే ముందు ఫోనులో ఒక నిమిషం వీడియో తీసుకోండి. పిల్ల మీ వైపు నడిచి వస్తూ, మీ నుంచి దూరంగా వెళ్తూ, పక్కనుంచి, పడుకున్నది లేస్తూ. ఆసుపత్రి గుమ్మం తొక్కగానే కొత్త వాసనల సంబరంలో ఏ పిల్లైనా కుంటు మరిచిపోతుంది. బుజ్జి కూడా డాక్టరుగారి ముందు నాలుగు కాళ్ళ మీదా నిక్షేపంగా నిలబడింది, ఆయన మా వీడియో చూశాకే భుజం మీద చెయ్యి వేశారు.